చెఫ్ గారి మీట్‌బాల్స్

చెఫ్ గారు ఉద్యోగం పోగొట్టుకుని ఇంట్లో కూర్చున్ననాటినుంచీ ఆ ఇల్లాలికి వంటిల్లు లేకుండా పోయింది. పగలంతా తపాలా ఆఫీసులో పార్సిళ్ళు తూచి, కాళ్ళు లాగుతూ ఇంటికొస్తే తన కత్తి తన చోట ఉండదు, తన మూకుడు అటకెక్కి ఉంటుంది. ఉల్లిపాయ చేతిలోకి తీసుకుంటే చాలు, "అలా తరుగుతారా ఎవరైనా" అని వెనకనుంచి ఒక గొంతు.

మొగుడి మీద ఆవిడకున్న కోపం ఈనాటిది కాదు. పెళ్ళైన కొత్తలో ఆవిడ వండిన కూర నలుగురి ముందు నోట్లో పెట్టుకుని, "మా ఆవిడకి దేవుడు నాలుక ఇవ్వలేదు" అన్నాడు ఆ మహానుభావుడు. నలుగురూ పకపకా నవ్వారు. హాస్యం బాగా పండిందని మురిసిపోయి, ఆ తర్వాత ఏ విందుకెళ్ళినా అదే పాట. తన గిన్నెలో మాత్రం ఆవిణ్ణి చెంచా ముంచనిచ్చేవాడు కాదు. అన్నేళ్ళూ ఆవిడ ఆ మాట మింగుతూనే వచ్చింది.

ఆ ఆదివారం సాయంత్రం ఒక కొత్త రెస్టారెంటు యజమానురాలు ఇంటికి భోజనానికి వస్తోంది. ఆయన చేతి స్పగెట్టీ, కైమా ఉండల మీట్‌బాల్స్ నచ్చితే మర్నాటినుంచే ఉద్యోగం. అది ఆయనకెంత కావాలో ఆవిడకి అంతకు రెండింతలు కావాలి. ఆయన పొద్దున్నే గడప దాటితే తన పొయ్యి తనదవుతుంది.

మధ్యాహ్నం నుంచే హడావుడి మొదలైంది. రొట్టె ముక్కలు పాలలో నానబెట్టి పిండాడు. కైమాలో అవి కలిపాడు, గుడ్డు కొట్టాడు, వెల్లుల్లి, మిరియాల పొడి, ఉప్పు వేశాడు. టమాటా సాస్ గిన్నెను ఒకసారి కలియబెట్టి వచ్చి, కైమాలో మళ్ళీ ఉప్పు వేశాడు. మూలన వెల్లుల్లి ఒలుస్తున్న ఆవిడ అది చూసింది గాని, గొప్ప చెఫ్ గారు కదా, ఏదో లెక్క ఉంటుందనుకుని ఊరుకుంది. ఆయన చిటికెడు కైమా పెనం మీద వేయించి, సగం నమిలి, తృప్తిగా తలూపాడు. ఆయన అటు తిరగ్గానే ఆవిడ మిగతా సగం నోట్లో వేసుకుంది. కళ్ళలో నీళ్ళు తిరిగాయి.

"ఇది ఉప్పు కషాయం," అంది.

"నీకేం తెలుసు?"

"రెండుసార్లు వేశారు. తిని తల కూడా ఊపారు."

ఆయన చేతులు కైమాలోనే ఆగిపోయాయి. తర్వాత గిన్నెతో చెబుతున్నట్టు తల వంచుకుని చెప్పాడు. "ఉద్యోగం పోకముందు నాకొచ్చిన ఆ జ్వరం తగ్గినప్పటినుంచీ వాసన లేదు, రుచి లేదు. వస్తుంది లెమ్మన్నాడు డాక్టరు. ఎప్పుడో చెప్పలేదు."

"అయితే పాత యజమానితో మాటా మాటా పెరిగి ఉద్యోగం పోయిందన్నది?"

"పెరగలేదు. తినడానికొచ్చినవాళ్ళు పళ్ళేలు తిప్పి పంపేవారు."

ఇలాంటప్పుడు ఏ ఇల్లాలికైనా జాలి వెయ్యాలి. ఆవిడకి వెయ్యలేదు. లోపల ఎక్కడో చల్లగా, హాయిగా అనిపించింది. కానీ ఉద్యోగం సంగతి గుర్తొచ్చి లేచింది.

ఫ్రిజ్‌లో మిగిలిన కైమా తీసి, ఉప్పు లేకుండా అందులో కలిపించింది. మళ్ళీ ముక్క వేయించి తాను రుచి చూసింది. ఆయన చేతులు తడుపుకుని ఉండలు చుట్టి, నూనెలో ఎర్రగా వేయించాడు. జన్మలో మొదటిసారి ఆవిడ చెంచా ఆయన సాస్‌లో మునిగింది. "పులుపు ఇంకా పచ్చిగానే ఉంది, ఉడకనివ్వండి," అంది. ఆయన కిక్కురుమనకుండా మంట తగ్గించి, ఉండలు అందులో జారవిడిచాడు.

"ఆ వచ్చే యజమానురాలు ఏదో ఒకటి రుచి చూపించి, ఎలా ఉందో అడుగుతుంది," అన్నాడు. "ఈ పనిలో అందరూ అలాగే పరీక్షిస్తారు."

"నాక్కూడా పెట్టమని అడుగుతాను. చెవి పట్టుకుంటే ఉప్పు తక్కువ, మెడ నిమురుకుంటే ఎక్కువ. ముక్కు రుద్దుకుంటే మాడింది."

యజమానురాలు చెప్పిన వేళకే వచ్చింది. బక్కపలచటి మనిషి, మాట తక్కువ. ఫోర్కుతో ఉండను నొక్కి చూసింది, తిన్నది, అడక్కుండానే ఇంకొకటి వేసుకుంది. స్పగెట్టీ చివరిపోగు వరకూ చుట్టుకుని తిన్నది. "చాలా బాగుంది. మీ ఆవిడ కూడా చెయ్యి వేశారా?" అంది.

ఆయన గ్లాసు కింద పెట్టి, చిరునవ్వుతో వెనక్కి వాలాడు. "ఆవిడా? ఆవిడకి దేవుడు నాలుకే ఇవ్వలేదండీ. పొయ్యి దరిదాపులకి రానివ్వను."

అతిథి నవ్వింది. నోరు జారాక గుర్తొచ్చింది కాబోలు, ఆయన గబుక్కున భార్య వంక చూశాడు. ఆవిడ నవ్వలేదు.

యజమానురాలు సంచిలోంచి చిన్న డబ్బా తీసింది. "ఇవాళ మా వంటింట్లో చేసిన సాస్. లోపమేమిటో చెప్పండి." ఇల్లాలు కూడా చెంచా చాపింది. నాలుక దాకా పోనక్కర్లేదు, మూత తీయగానే తెలిసింది. అడుగంటి నల్లగా మాడిన వాసన.

ఆయన చప్పరించాడు. కళ్ళు ఆవిడ చేతుల మీదే ఉన్నాయి. ఆ చేతులు ఒళ్ళో ఒకదాని మీద ఒకటి పడుకుని ఉన్నాయి. ఆయన మళ్ళీ చప్పరించాడు, దగ్గాడు, చూశాడు. ఆవిడ కిటికీ తెర వంక చూస్తూ కూర్చుంది.

"ఉప్పు తక్కువైంది," అన్నాడు చివరికి.

యజమానురాలు డబ్బా మూత పెట్టింది. "మాడిందండీ. గది నిండా కొడుతోంది వాసన." మర్యాదగా లేచి, కబురు చేస్తానంది. ఆ కబురు రాదని ముగ్గురికీ తెలుసు.

తలుపు పడ్డాక ఆయన అడిగాడు. "ముక్కు రుద్దుకోవడానికి ఎంతసేపు పడుతుంది?"

"ఆ మాట అనకుండా ఉండటానికి ఎంతసేపు పడుతుంది?"

ఆయన మొహం వాడిపోయింది. అన్నేళ్ళుగా ఆవిడ చూడాలనుకున్న మొహం అదే. చూసినంతసేపూ చూసింది. ఆవిడకి తినకుండానే కడుపు నిండింది.

ఆయన పళ్ళేలు తీసుకుని వంటింట్లోకి నడిచాడు. "ఇక నన్ను బయట ఎవరూ పనిలో పెట్టుకోరు," అన్నాడు. కోపంగా కాదు, సరుకుల సంగతి చెబుతున్నట్టు. "ఇంట్లోనే వండుతాను. నువ్వు పక్కన నిలబడి రుచి చూడు."

"ఎన్నాళ్ళు?"

ఆయన పళ్ళేలు కింద పెట్టి పొయ్యి వైపు తిరిగాడు. ఆవిడ గుమ్మంలో నిలబడి చూసింది. పొయ్యికి అడ్డంగా ఆ వెడల్పాటి వీపు. ఒక్క వేలు ముక్కు దాకా ఎత్తి ఉంటే, రేపు పొద్దుటికి ఆ వీపు అక్కడ ఉండేది కాదు.