ఖాళీ వేదిక ముందు నవ్వు

తెలుగు టీవీ హాస్యం మీద పీహెచ్‌డీ చేస్తున్న శ్రీలత, తన గైడు వీరేందర్ సార్ నవ్వగా మూడేళ్లలో రెండే రెండుసార్లు చూసింది. రెండుసార్లూ ఆయన పక్కన వైస్ ఛాన్సలర్ ఉన్నాడు. పెద్దాయన నవ్వాక ఈయన నవ్వాడు, పెద్దాయన ఆపగానే ఆపేశాడు. అలాంటి మనిషి హాస్యాన్ని పదకొండు రకాలుగా విడగొట్టి పుస్తకం వేశాడు. ఆ పుస్తకం కొనని విద్యార్థికి ఆయన సంతకం అంత తేలిగ్గా దొరకదు.

శ్రీలత సూర్యాపేటలో ఒక ప్రైవేటు డిగ్రీ కాలేజీలో తెలుగు చెబుతుంది. రోజూ చివ్వెంల నుంచి బస్సులో వస్తుంది. టీవీ కామెడీ స్కిట్లలో ఎవరి యాసను పట్టుకుని నవ్విస్తున్నారన్నది ఆమె పరిశోధన. తల్లి ఏసమ్మ మాట్లాడే మాటలే పనిమనిషి పాత్ర నోట్లోంచి వస్తుంటే, హాలంతా పడి పడి నవ్వడం చిన్నప్పటి నుంచి చూసి మండి ఎంచుకున్న విషయం అది. సార్ చేతిలో పడ్డాక మంట పోయి పట్టిక మిగిలింది. ఏ మాటకు ప్రేక్షకులు ఎన్నిసార్లు నవ్వారో లెక్కపెట్టమన్నాడు. రెండేళ్లపాటు నూట ఇరవై స్కిట్లు ముందుకీ వెనక్కీ తిప్పుతూ నవ్వులు లెక్కపెట్టింది.

వాటిలో ఒక స్కిట్టు సార్‌కు తెగ నచ్చింది. ఒక మగ నటుడు అద్దాల రైక, మోచేతుల దాకా గాజులు వేసుకుని, నెత్తిన బిందెతో లంబాడీ ఆడమనిషిగా వచ్చి, రాని తెలుగులో బ్యాంకు మేనేజరుతో మాట్లాడతాడు. అతను నోరు తెరిచినప్పుడల్లా కెమెరా ప్రేక్షకుల్లోకి తిరుగుతుంది. రెండో వరసలో నిజంగానే ఒక లంబాడీ ఆవిడ, అవే అద్దాల బట్టల్లో, నోటికి చెయ్యి అడ్డం పెట్టుకుని నవ్వుతూ ఉంటుంది. ఎగతాళి పడాల్సినవాళ్లే నవ్వుతుంటే అది ఎగతాళి ఎట్లా అవుతుందని సార్ వాదన. అది ఆరోగ్యకరమైన హాస్యమని, తన పదకొండింటిలో ఏడో రకమని తేల్చాడు. కోదాడలో జరగబోయే జాతీయ సదస్సుకు కీలకోపన్యాసం దాని మీదే రాసుకున్నాడు. శ్రీలతకు ఆ మాట గొంతు దిగలేదు. అయినా తల ఊపింది. ఊపినందుకు తన మీద తనకే రోత పుట్టింది.

ఒక మధ్యాహ్నం స్టాఫ్ రూంలో లాప్‌టాప్ మీద ఆ దృశ్యాన్ని ఆపి ఉంచితే, కామర్స్ చెప్పే హరిలాల్ చూసి, ఆ నవ్వుతున్నావిడ తన మేనత్త అన్నాడు. పేరు గౌరీబాయి. మిర్యాలగూడ నుంచి హాలియా పోయే దారిలో తండా. ఆ స్కిట్టు వచ్చినప్పటి నుంచి తండాలో ఆమెతో ఎవరూ సరిగా మాట్లాడడం లేదనీ, మిగతాది ఆమెనే అడగమనీ చెప్పాడు.

ఆదివారం ఇద్దరూ వెళ్లారు. గౌరీబాయి రైస్‌మిల్లులో వడ్లు ఎండబోసే పనికి పోతుంది. మొదట శ్రీలతను టీవీ మనిషనుకుని ముఖం తిప్పుకుంది. హరిలాల్ నచ్చజెప్పాక అరుగు మీద కూర్చుని మొత్తం చెప్పింది. ఎవరో ఏజెంటు వచ్చి, టీవీలో కనిపిస్తారు, కూలి ఇస్తాం, పాత అద్దాల బట్టలు ఎవరికైనా ఉంటే అవే వేసుకుని రమ్మన్నాడట. ఆమెకు తల్లి ఇచ్చిన జత ఉంది. పొద్దున్నే బస్సులో హైదరాబాదు తీసుకెళ్లి ఒక పెద్ద షెడ్డులో కూర్చోబెట్టారు. ఎదురుగా వేదిక మీద మనుషులు లైట్లు బిగిస్తున్నారు. ఒకాయన మైకు పట్టుకుని నవ్వమన్నప్పుడు నవ్వాలి, చప్పట్లంటే చప్పట్లు కొట్టాలి, ముక్కున వేలేసుకోమంటే వేసుకోవాలి. మధ్యాహ్నానికి బిర్యానీ పొట్లాలిచ్చి మళ్లీ బస్సెక్కించారు.

“గాడ నాటకం లేదు, ఏం లేదు మేడం. ఖాళీ జాగ,” అంది గౌరీబాయి. “గా మైకాయన మొకం మాడ్సుకొని, తిట్టినట్టు నవ్వుండ్రి నవ్వుండ్రి అంటుండు. సావు కాడికొచ్చినోని లెక్క ఉన్నడు. ఆయన్ని సూస్తే నాకు నవ్వాగలే. గదే నవ్వు.”

రెండు నెలలకు తండాలో అందరూ ఆ స్కిట్టు చూశారు. గౌరీబాయి అత్త టీవీ కట్టేసి, మనల్ని ఎక్కిరిస్తుంటే పండ్లు ఇకిలిస్తవా అని అడిగింది. మిల్లుకు పోయే ఆటోలో పక్కన కూర్చునే ఆడవాళ్లు జరిగి కూర్చోవడం మొదలుపెట్టారు. తాను ఆ నాటకమే చూడలేదని గౌరీబాయి ఎంత చెప్పినా, టీవీలో కళ్లెదుట కనిపిస్తుంటే నమ్మేదెవరు?

“సదువుకున్నోల్లు గద మీరు. నేను గది సూసి నవ్వలేదని కాయితం మీద రాసియ్యుండ్రి,” అని అడిగింది.

ఇంటికి వచ్చి శ్రీలత స్కిట్లన్నీ మళ్లీ తీసింది. నోటికి అడ్డం పెట్టుకున్న అదే చెయ్యి, మోచేతి మీదికి జారిన అదే గాజు, వెనక కళ్లద్దాలు తుడుచుకుంటున్న అదే ముసలాయన. తొమ్మిది స్కిట్లలో దొరికారు. చెవుడున్న తాత మీద జోకుకు, పెళ్లిచూపుల జోకుకు, పనిమనిషి యాస మీద జోకుకు అదే నవ్వు అతికించారు. జనం నవ్వని నమ్మి ఆమె రెండేళ్లు లెక్కపెట్టింది ఎడిటింగు టేబులు మీద ఎవడో కత్తిరించి అంటించిన ముక్కల్ని. ఇంతకన్నా పనికిమాలిన చదువు ఉంటుందా అనిపించింది.

మర్నాడే సార్ దగ్గరికి పోయి చూపించింది. ఆయన టీ తాగుతూ రెండు ముక్కలు చూసి చాలన్నాడు. తెర మీద కనిపించేదే మనకు ముఖ్యమని, తెర వెనక గొడవలు జర్నలిస్టులకు వదిలెయ్యమని సలహా ఇచ్చాడు. ఉపన్యాసం అప్పటికే ప్రింటుకు వెళ్లిందట. ఆయన బాధంతా అక్కడే ఉందని శ్రీలతకు అర్థమైంది. గౌరీబాయి పేరు కూడా ఆయన అడగలేదు.

కోదాడ సదస్సులో శాలువాలకు గంట పట్టింది. ఆ తర్వాత సార్ యాభై నిమిషాలు మాట్లాడాడు. గౌరీబాయి ముఖాన్ని గోడంత చేసి చూపించి, ఈ నిర్మలమైన నవ్వే మన సంస్కృతి అన్నాడు. సర్టిఫికెట్ల కోసం వచ్చిన లెక్చరర్లు చప్పట్లు కొట్టారు.

శ్రీలతకు ఇచ్చింది పది నిమిషాలు. రాసుకొచ్చిన పేపరు పక్కన పెట్టి, ఏమీ చెప్పకుండా ఆ తొమ్మిది నవ్వుల్నీ వరసగా వేసింది. మొదటి రెండింటికి హాలు ఊరికే చూసింది. మూడోసారి అదే గాజు జారేసరికి గుసగుసలు మొదలయ్యాయి. అయిదోసారికి వెనక వరసల వాళ్లు నవ్వారు. ఏడోసారికి ముందు వరసలో సదస్సు జరుగుతున్న కాలేజీ ప్రిన్సిపాలే పగలబడి నవ్వాడు. ఆయన్ని చూసి వీరేందర్ సార్ కూడా నవ్వేశాడు. నవ్వు సగంలో ఉండగా సంగతి తట్టి, నోరు ఎలా మూసుకోవాలో తెలియక దగ్గాడు.

గౌరీబాయి చెప్పింది ఉన్నదున్నట్టు చదివి, తన పట్టిక తప్పని, సార్ ఉపన్యాసం ఆ పట్టిక మీదే నిలబడిందని శ్రీలత చెప్పింది. నిర్వాహకుడు నాగరాజు లేచి, టైం అయిపోయిందండీ మేడం, భోజనాలు చల్లారిపోతున్నాయి అన్నాడు.

భోజనాల దగ్గర సార్ ఆమెను పక్కకు పిలిచాడు. గొంతు పెంచకుండానే, ఇక నా కింద నువ్వు థీసిస్ సమర్పించలేవు అన్నాడు.

“సమర్పించను సార్,” అంది శ్రీలత. “మీ పేరు కింద నా పేరుంటే నాకే నామోషీ.”

గైడును మార్చుకోవడానికి ఏడు నెలలు పట్టింది. కొత్త గైడు మొదటి నుంచి రాయమంది. సదస్సు సంచికలో సార్ ఉపన్యాసం అక్షరం మారకుండా అచ్చయింది. చివర్లో పట్టిక తయారుచేసిన శ్రీలతకు కృతజ్ఞతలు కూడా ఉన్నాయి. గౌరీబాయి సంగతి చెబుతూ శ్రీలత చానెలుకు రాసిన రెండు ఉత్తరాలకూ జవాబు లేదు.

ఆ సంచిక వచ్చిన వారమే శ్రీలత, గౌరీబాయి అడిగిన కాయితం రాసుకుని తండాకు పోయింది. కాయితం ఒక్కటే సరిపోదనిపించి లాప్‌టాప్ కూడా పట్టుకెళ్లింది. గౌరీబాయి అత్త, ఆటోలో పోయే ఆడవాళ్లు చుట్టూ చేరారు. తొమ్మిది ముక్కలూ వేసి, ఒకే నవ్వు ఎట్లా తిరుగుతున్నదో హరిలాల్ వాళ్ల భాషలో విడమరిచి చెప్పాడు. అత్త మళ్లీ వెయ్యమంది. రెండోసారి ఆమె కోడలి వైపు కాకుండా, ఆడవేషం వేసిన నటుడి వైపే చూసింది.

“గీనికి రైక ఏసుకునుడు గూడ రాదు,” అంది శ్రీలతతో. “కట్టుకునే తాళ్లు ఎన్కకుంటయి. ఈడు ముందల కట్టుకున్నడు. గింత తెల్వనోడు మమ్ముల్ని ఎక్కిరిస్తడా?”

ఒకామె గాజులు తప్పంది. ఇంకొకామె ఆ నడక చూడు, ముల్లు గుచ్చుకున్న గొడ్డులా ఉందంది. నెత్తిన బిందె పెట్టుకున్న తీరు చూస్తే ఒక్క అడుగు కూడా వేయలేడని గౌరీబాయి అంది. ఆ మాటకు అత్త అవునంది. ఏడాది దాటాక కోడలితో ఆమె మామూలుగా అన్న మొదటి మాట అదేనని హరిలాల్ తర్వాత చెప్పాడు. మూడోసారి వెయ్యమని అడుగుతూ గౌరీబాయికి కూర్చోవడానికి చోటిచ్చారు.