నలుగురికి సరిపడే ఆట

శ్మశానం నుంచి నలుగురూ నడిచే వచ్చారు. గతించినవారి శనివారం, పోయినవాళ్ళను తలుచుకునే రోజు, కావడంతో పొద్దున్నే జాయెచార్ ఊళ్ళో సగంమంది కొండ మీదికి చేరారు. ఈ మధ్యే పోయిన తమ అయిదోవాడు సావా సమాధికి ఇంకా రాయి పెట్టలేదు. చెక్క శిలువ, దాని మీద పేరు, అంతే. వాళ్ళమ్మ స్తానక పిన్ని ఉడికించిన గోధుమలు చెంచాతో ఒక్కొక్కరికీ పెట్టింది. రేగుపళ్ళ సారాయి కాస్త మట్టి మీద పోసి, మిగిలింది అందరూ తలా ఒక గుక్క తాగారు. ఆ రోజు గ్లాసులు తాకించుకోరు. కోస్తా మాత్రం అలవాటు కొద్దీ గ్లాసు లాజర్ వైపు చాచి, మధ్యలో గుర్తొచ్చి, చెయ్యి ఎక్కడ పెట్టుకోవాలో తెలియక కాసేపు అలాగే ఉండిపోయాడు.

కోస్తా ఇంటి పెరట్లో పాత వేసవి వంటగది ఉంది. అందులో గోడ వారగా అయిదు బల్లలు, అయిదు కుర్చీలు, అయిదు కంప్యూటర్లు. బస్‌స్టాండ్ దగ్గర గేమ్ సెంటర్ మూతపడినప్పుడు, తాము బడి ఎగ్గొట్టి కూర్చున్న ఆ బల్లలనే కొనుక్కుందామని సావా పట్టుబట్టాడు. కంప్యూటర్లు తర్వాత మారాయి. బల్లలు అవే. ఇరవై ఏళ్ళుగా శనివారం మధ్యాహ్నం అంటే ఆ గదే. పొయ్యి పక్కన ఉన్న బల్ల సావాది.

"ఇవాళ తేల్చేద్దాంరా," అన్నాడు కోస్తా, పొయ్యిలో కట్టెలు పెడుతూ. "నలుగురం ఆడగలిగే ఆట ఏదన్నా దొరికితే సరే. లేకపోతే మా అక్క ఈ గది అడుగుతోంది. వారం వారం ఇక్కడ కూర్చుని ఒకళ్ళ మొహాలు ఒకళ్ళం చూసుకోవడం నావల్ల కాదు."

"మీ అక్క ఇక్కడేం పెడుతుంది?" అని అడిగాడు రాస్త్కో. అతను నీష్ పట్నం వెళ్ళే బస్సు నడుపుతాడు.

"క్యాబేజీ పీపాలు. చలికాలానికి ఊరేస్తుంది."

"వాసనొస్తుంది కదరా."

"నువ్విక్కడ బూట్లు విప్పినప్పుడొచ్చే దానికంటే నయమే."

దూన్యా నవ్వలేదు. ఆమె సావా చెల్లెలు. మందుల షాపులో పని చేస్తుంది. అన్న వెంట ఆ గేమ్ సెంటర్‌కి వచ్చినప్పుడు ఆమెకు పదకొండేళ్ళు. చెల్లెల్ని ఇంట్లో ఒంటరిగా వదలొద్దని తల్లి చెప్పడంతో, వదలకుండా వెంట తెచ్చి ఆటలో తుపాకీ కాల్చడం నేర్పాడు సావా.

లాజర్ కోటు విప్పి కొక్కేనికి తగిలించాడు. అతనిది చలికి ఇళ్ళు వెచ్చబడేలా ఊరికి వేడినీళ్ళు పంపే కర్మాగారంలో రాత్రి డ్యూటీ. బాయిలర్ల మీటర్లు చూసుకుంటూ ఒక్కడే కూర్చుంటాడు. ఇంటికి వెళ్తే అక్కడా ఒక్కడే. ఈ శనివారాలు కూడా పోతే తన గొంతు తానే వినని వారాలు వస్తాయని అతనికి తెలుసు. సావా పోయిన దగ్గర్నుంచి నిద్ర కూడా సరిగా లేదు. ఈ సంగతి ఎవరికీ చెప్పలేదు. ఎలా మొదలుపెట్టాలో తెలియలేదు.

వాళ్ళ ఆట అయిదుగురిది. అటు అయిదుగురు, ఇటు అయిదుగురు. ఒక జట్టు బాంబు పెట్టాలి, ఇంకో జట్టు ఆపాలి. ఒకసారి చచ్చినవాడు ఆ రౌండు ముగిసేదాకా తిరిగి లేవడు. చివరికి ఒక్కడే మిగిలితే, ఆ ఒక్కడికి శత్రువు అడుగుల చప్పుడు వినపడాలి. అందుకని సావా ఆ పాత గేమ్ సెంటర్‌లోనే ఒక నియమం పెట్టాడు. చచ్చినవాళ్ళు మాట్లాడకూడదు. ఎంత అన్యాయంగా చచ్చినా, శత్రువు ఎక్కడున్నాడో కళ్ళారా చూసినా, నోరు తెరవకూడదు. సావా తాను చచ్చినప్పుడు చేతులు కీబోర్డు మీద నుంచి తీసి ఒళ్ళో పెట్టుకుని, పొయ్యిలో మంట చూస్తూ కూర్చునేవాడు. మిగతావాళ్ళకీ అదే అలవాటైంది. ఆ నియమం వల్లే ఎన్నో ఆటలు గెలిచారు.

ఇప్పుడు అయిదోవాడు లేడు. ముందటి వారాల్లో ఇంటర్నెట్‌లో దొరికిన ఎవరో కుర్రవాణ్ణి కలుపుకున్నారు. దూన్యా గొంతు వినగానే వాడు కూయరాని కూతలు కూశాడు. కోస్తా వాడి వంశాన్నంతా కడిగేసి బయటికి పంపాడు. తర్వాత కంప్యూటరే ఆడే బొమ్మను అయిదోవాడిగా పెట్టారు. అది వెళ్ళి సరిగ్గా సావా నిలబడే చోటే, గిడ్డంగి వాలు మీద నిలబడింది. దూన్యా రమ్మంటే వచ్చింది, ఆగమంటే ఆగింది.

"మా అన్న ఎప్పుడన్నా నా మాట విన్నాడా?" అంది దూన్యా. ఆ ఆట అక్కడితో ఆపేశారు.

ఇవాళ ముందుగా ఎవరికి వారే అన్న ఆట పెట్టారు. జట్టు లేదు, కనిపించినవాణ్ణి కాల్చడమే. కోస్తా దూన్యాను కాల్చాడు, దూన్యా రాస్త్కోను కాల్చింది, లాజర్ ఎవరి వెనుక నుంచి వచ్చినా కాల్చకుండా ఆగిపోతున్నాడు.

"ఏరా, తుపాకీలో గుళ్ళు అయిపోయాయా, గుండెలో దమ్ము అయిపోయిందా?" అన్నాడు కోస్తా.

"నీ వీపు చూస్తే జాలేసింది."

"నా వీపుకి మా ఆవిడ జాలి చాల్లే."

తర్వాత ఇద్దరిద్దరు. లాజర్, దూన్యా ఒక వైపు. కోస్తా నీళ్ళ ట్యాంకు వెనుక నక్కి ప్రతిసారీ దూన్యానే పట్టుకున్నాడు. నాలుగోసారి ఆమె మౌసు బల్లకేసి కొట్టింది.

"దొంగచాటుగా కూర్చోవడం తప్ప నీకేమన్నా వచ్చా?"

"ఆటలో దాక్కోవడం దొంగతనమా పిల్లా?"

"మా అన్నుంటే నిన్ను ఆ ట్యాంకు దాకా..." అని ఆగిపోయింది.

ఆ ఆట కూడా మూసేశారు.

జెండా ఎత్తుకొచ్చే ఆటలో కంప్యూటర్ బొమ్మల జట్టు ఎదురుగా ఉంది. ఇందులో ఒకడు తమ జెండా దగ్గర కాపలా ఉండాలి. ముగ్గురు పరుగెడుతుంటే ఒకడు ఏమీ జరగని చోట నిలబడి ఎదురుచూడాలి. ఆ పని ఎవరూ తీసుకోలేదు. ఎవరూ అడగలేదు కూడా. నలుగురూ ఒకేసారి పరుగెత్తారు, వెనుక జెండా పోయింది. ఆ కాపలా ఎవరిదో అందరికీ తెలుసు. ఎన్నేళ్ళు ఆడినా, ఆ నిలబడే పని తనకు విసుగని సావా ఒక్కసారి కూడా అనలేదు.

కోస్తా కుర్చీ వెనక్కి జరిపాడు. "అయిపోయిందిరా. మనకి సరిపడేది లేదు."

"ఒకటుంది," అన్నాడు రాస్త్కో. "మా డిపోలో డ్రైవర్లు ఆడతారు. నలుగురూ ఒకే జట్టు. ఎదురుగా గుంపు. ఊరి ఈ చివర నుంచి ఆ చివర గేటు దాకా వెళ్ళాలి. ఇందులో వెంటనే చావరు. దెబ్బ తగిలితే కింద పడతారు. తోటివాడు వచ్చి చెయ్యందిస్తే లేస్తారు. ఎవరూ రాకపోతేనే పోతారు."

"ముసలాళ్ళ ఆటలా ఉంది," అన్నాడు కోస్తా. అయినా హెడ్‌సెట్ పెట్టుకున్నాడు.

మొదటిసారి మార్కెట్ వీధి దాటి వంతెన మీదికి వచ్చాక రాస్త్కో అడిగాడు. "దూన్యా ఏది?"

"పోయాను," అంది దూన్యా.

"ఎప్పుడు?"

"రొట్టెల కొట్టు దగ్గర."

రెండోసారి రాస్త్కో పోయాడు. పక్క కుర్చీలోనే ఉన్నా ఎవరికీ తెలియలేదు. మూడోసారి కోస్తా. ప్రతిసారీ ముగ్గురు, తర్వాత ఇద్దరు, తర్వాత గేటు కనిపిస్తుండగానే ఎవరూ లేరు. ఆట కష్టమైనదేమీ కాదు. గుంపు నెమ్మదిగానే వస్తోంది. ఎందుకు ఓడిపోతున్నారో అర్థం కాలేదు.

"చెప్పానా? ఇది కూడా మనది కాదు," అన్నాడు కోస్తా. హెడ్‌సెట్ తీసి బల్ల మీద పెట్టాడు. "లాజర్, పొయ్యి చూడు. ఆరిపోతే మళ్ళీ రాజెయ్యొద్దు."

లాజర్ లేచాడు. పొయ్యి దగ్గరికి వెళ్ళాలంటే సావా కుర్చీ పక్క నుంచి వెళ్ళాలి. కుర్చీ వీపు మీద సావా పాత ఉన్ని కోటు ఇంకా అలాగే ఉంది. దాన్ని తియ్యడానికి ఎవరికీ చేతులు రాలేదు. అది ముట్టుకోకుండా వంగి, ఇనుప మూత తెరిచి, నిప్పు ఇంకా ఉందని చూసి, మళ్ళీ మూశాడు. కట్టె వెయ్యలేదు.

వెనుక దూన్యా అడుగుతోంది. "కోస్తా, ఇందాక నువ్వు పడ్డాక ఎంతసేపు కింద ఉన్నావు?"

"చాలాసేపే."

"నేను నీ పక్కసందులోనే ఉన్నాను. ఎందుకు పిలవలేదు?"

"చచ్చాను కదా."

"చావలేదు. పడ్డావు."

"ఏదైతేనేం. పడితే మాట్లాడ..." కోస్తా మాట మధ్యలో ఆగింది.

నలుగురూ చూడకూడదనుకుంటూనే పొయ్యి పక్క కుర్చీ వైపు చూశారు.

రాస్త్కో నోరు విప్పాడు. "నా బస్సులోనే వెళ్ళేవాడు, నీష్ ఆసుపత్రికి. ఎండాకాలమంతా. ఎందుకురా అంటే, పాత కారొకటి చూడ్డానికి అనేవాడు. నేను వాణ్ణి ఏడిపించేవాణ్ణి. ఇన్నిసార్లు చూసి కొనకపోతే ఆ కారుకి పెళ్ళి కాదురా అని. వాడు నవ్వేవాడు. వెనక్కి వచ్చేటప్పుడు కిటికీకి తల ఆనించి పడుకునేవాడు. కారు చూసి అంత అలిసిపోతారా అని నాకు తట్టలేదు."

దూన్యా తల వంచుకుని హెడ్‌సెట్ తీగ వేలికి చుట్టుకుంటోంది. "మాకూ చెప్పలేదు. అమ్మకీ చెప్పలేదు," అంది. తర్వాత తీగ విప్పింది. "వాడి నియమం వాడి ఆటకి. ఈ ఆటకి అది పనికిరాదు. పెట్టు, ఇంకోసారి."

"ఆఖరుసారి," అన్నాడు కోస్తా.

ఈసారి మార్కెట్ వీధిలోనే కోస్తా పడ్డాడు. కాసేపు ఏమీ వినపడలేదు. తర్వాత అతని గొంతు, గుళ్ళో మాట్లాడినట్టు, చాలా చిన్నగా వచ్చింది. "పడ్డాను. ఎర్ర లారీ పక్కన."

"గట్టిగా చెప్పు, నీకు నోరు లేదా?" అంది దూన్యా, అప్పటికే అటు పరుగెడుతూ.

వంతెన మీద రాస్త్కో పడ్డాడు. అతనికి అంత కష్టం కాలేదు. "అమ్మాయిగారూ, బస్సు చెడిపోయింది, కాస్త తొయ్యండి," అన్నాడు. లాజర్ వెళ్ళి లేపాడు. ఎప్పుడూ రానంత దూరం వచ్చారు. గేటు కనిపించింది. తలుపు మూసుకోవడం మొదలైంది, పరుగెడితే అందుకోవచ్చు.

అప్పుడే లాజర్ పడ్డాడు. పాత బడి భవనం మెట్ల కింద. చుట్టూ పొగ. చేతులు వాటంతటవే కీబోర్డు మీద నుంచి లేచి ఒళ్ళోకి వచ్చాయి. తెర అంచున ఎర్రగీత ఒకటి తగ్గుతూ వస్తోంది. హెడ్‌సెట్‌లో ముగ్గురి అడుగుల చప్పుడు గేటు వైపు వెళ్తోంది. వాళ్ళు ముగ్గురు చేరితే చాలు, ఆట గెలిచినట్టే. గది నిలబడుతుంది. తాను ఒక్కడు లేకపోతే ఏమైంది?

అడుగుల చప్పుడు ఆగింది.

"లాజర్ ఏడి?" అంది దూన్యా.

"ఇందాకటిదాకా నా వెనకే ఉన్నాడు," అన్నాడు కోస్తా. "లాజర్!"

లాజర్ నోరు తెరిచాడు. మళ్ళీ మూశాడు. కుర్చీ కొంచెం పక్కకు తిప్పితే వాళ్ళ ముగ్గురి వీపులు కనిపిస్తాయి. చెయ్యి చాస్తే రాస్త్కో భుజం అందుతుంది. ఎర్రగీత సగమైంది.

"ఒరేయ్, పలకరా," అన్నాడు కోస్తా. ఈసారి గొంతులో ఎగతాళి లేదు.

"ఇక్కడ," అన్నాడు లాజర్. "బడి మెట్ల కింద. లేవలేకపోతున్నాను."

"వస్తున్నాం. కదలకు."

"కదలడం నా చేతుల్లో ఉందా?"

ముగ్గురూ వెనక్కి వచ్చారు. పొగలో ముందు దూన్యా బూట్లు కనిపించాయి, తర్వాత చెయ్యి. వాళ్ళు అతన్ని లేపేసరికి దూరంగా గేటు మూసుకుంది. గుంపు నాలుగు వైపులా చుట్టేసింది. నలుగురూ మెట్ల మీద వీపులు ఆనించుకుని గుళ్ళు అయిపోయేదాకా కాల్చి, ఒకే చోట పోయారు.

తెర నల్లబడింది. కోస్తా చేతులు తల వెనుక పెట్టుకుని పైకప్పు చూస్తూ కూర్చున్నాడు.

"మా అక్కని పీపాలు ఇంట్లో మెట్ల కింద పెట్టుకోమంటాను," అన్నాడు.

లాజర్ హెడ్‌సెట్ తియ్యలేదు. మైక్ ఇంకా నోటి దగ్గరే ఉంది. అది ఉండటం వల్లనేమో, తెర వైపే చూస్తూ చెప్పగలిగాడు.

"నాకు నిద్ర పట్టట్లేదు."

ఎవరూ అతని వైపు తిరగలేదు. అది మంచిదైంది.

"ఎప్పట్నుంచి?" అంది దూన్యా.

"అప్పట్నుంచే. డ్యూటీ దిగి ఇంటికి వెళ్ళి, వంటింట్లో కూర్చుంటాను. సాయంత్రం మళ్ళీ డ్యూటీకి వెళ్ళేదాకా. శనివారం తప్ప మాట్లాడటం లేదు, ఎవరితోనూ."

పొయ్యిలో ఏదో చిట్లింది. కోస్తా లేచి, ఇందాక లాజర్ వెయ్యని కట్టె తీసుకుని లోపల పెట్టాడు. వచ్చేటప్పుడు సావా కుర్చీ మీది కోటు జారిపోతుంటే సరిచేశాడు.

"పొద్దున్న ఆరింటికి నా బస్సు మీ కర్మాగారం గేటు ముందే ఆగుతుంది," అన్నాడు రాస్త్కో. "డ్యూటీ దిగి ఎక్కు. నా వెనక సీట్లో కూర్చో. నీష్ దాకా రా, నాతోనే వెనక్కి రా. టికెట్ అడగను."

"నీష్‌లో నాకేం పని?"

"ఏం పని లేదు. పనేం లేదనే నాతో చెప్పు. కారు చూడ్డానికని మాత్రం చెప్పకు."

లాజర్ తల ఊపాడు. వాళ్ళు తన వైపు చూడటం లేదని గుర్తొచ్చి, "సరే," అని పైకి అన్నాడు.

దూన్యా ఆట మళ్ళీ మొదలుపెట్టింది. తెర మీద మార్కెట్ వీధి వచ్చింది, రొట్టెల కొట్టు, ఎర్ర లారీ. లాజర్ చేతులు ఒళ్ళో నుంచి తీసి కీబోర్డు మీద పెట్టాడు.