ప్రేమదాసు పలికిన వాయిదాలు

పొద్దున్నే అన్నం వార్చి, పచ్చడి నూరి, కంచం పెట్టాక కృపావతి దొడ్డి వైపు తిరిగి కేకేసేది.

"ఏందయ్యా, అన్నం చల్లారిపోతంది!"

"వస్తున్నా!" అని దొడ్లోంచి ప్రేమదాసు పలికేవాడు.

వచ్చేవాడు కాదు. బతికున్న రోజుల్లోనూ నాలుగు కేకలేస్తేగాని కదిలే రకం కాదు. ఇప్పుడు చచ్చిపోయి ఏడాది కావస్తోంది కాబట్టి అసలే కదలడు. రేపట్నించి పిలవను పొమ్మని ఆమె రోజూ విసుక్కునేది, మర్నాడు మళ్లీ పిలిచేది.

నందిగామ నుంచి జగ్గయ్యపేట పోయే రోడ్డు మీద కంకర పరిచే గ్యాంగులో కూలీ అతను. అరవై రెండు ఆగస్టులో లారీల యజమాని తిరుపతిరావు గారి లారీ వెనక నుంచి వచ్చి గుద్దేసింది. ఆ తర్వాత ఎవరు ఎక్కడ తనని పిలిచినా అక్కడే "వస్తున్నా" అనేవాడు. ఆ ఒక్క మాట తప్ప ఇంకోటి రాదు. గ్యాంగు మేస్త్రి ఓ రోజు అలవాటుకొద్దీ అతని పేరు చదివితే రోడ్డవతల నుంచి పలికాడు. మేస్త్రి నాలుక కరుచుకుని తర్వాతి పేరు చదివాడు. ఊళ్లో ఎవరికీ దీంతో ఇబ్బంది లేదు. వచ్చిన చిక్కల్లా కోర్టుతోనే.

నష్టపరిహారం కేసు వేసింది ప్లీడరు వెంకటరత్నం. మొదటి వాయిదాకి కృపావతి కూతురు బేబిని వెంటబెట్టుకుని, బెజవాడలో బస్సు మారి, ఎండన పడి జిల్లా కోర్టుకి వెళ్లింది. బంట్రోతు వరండాలోకొచ్చి గొంతు సవరించుకున్నాడు.

"ప్రేమదాసు భార్య కృపావతీ!"

"వస్తున్నా!" అన్నాడు ప్రేమదాసు.

లారీ తరఫు ప్లీడరు చటుక్కున లేచాడు. "పిలిస్తే పలికే మనిషికి నష్టపరిహారం ఏమిటండీ?"

జడ్జీగారు పోస్టుమార్టం కాగితం ఒకసారి, పైకప్పు ఒకసారి చూశారు. "పలికినట్టు రికార్డులో రాసుకున్నాక పోయినట్టు ఎట్లా రాయమంటారు? వాయిదా."

రెండో వాయిదాకీ పలికాడు. మూడోసారి బంట్రోతు భర్త పేరు గొణిగేసి ఆమె పేరొక్కటే గట్టిగా అరిచి చూశాడు. ఆ గొణుగుడుకీ పలికాడు. అతని పేరే లేకుండా పిలవమంటే, ఎవరి భార్యో చెప్పకుండా పిలవటం కుదరదని గుమాస్తా అడ్డుపడ్డాడు. బంట్రోతుకి చిర్రెత్తుకొచ్చింది.

"ఏమ్మా, మీ ఆయన కాసేపు నోరు మూసుకుని ఉండలేడా?"

"పదిహేడేళ్లు కాపురం చేసి నేనే మూయించలేకపోయా, మీవల్ల ఏమవుద్ది?" అంది కృపావతి.

వెంకటరత్నం వరండాలోనే తేల్చి చెప్పేశాడు. "కోర్టు సెలవులు అయ్యాక జూన్లో ఆఖరి వాయిదా. ఈసారీ పలికితే కేసు కొట్టేస్తారు. ఆపైన నన్నేమీ అడగొద్దు."

బేబికి టీచరు ట్రైనింగులో సీటొచ్చింది. జూలైలో చేరకపోతే పోతుంది. పోతే తల్లితోపాటు మిరపతోటల్లో కూలికి వెళ్లాలి. ఆ పిల్ల పైకి ఏమీ అనేది కాదుగాని సీటొచ్చిన ఉత్తరాన్ని బైబిల్లో పెట్టుకుని పూటకోసారి తీసి చూసుకునేది.

వాయిదా రోజు తెల్లారగానే ఆమె దొడ్లోకెళ్లి నడుం మీద చేతులు పెట్టుకుని నిలబడింది.

"ఏందయ్యా!"

"వస్తున్నా!"

"ఆ మాటే వద్దంటన్నా! ఇవాళ మూడుసార్లు పిలుస్తారు. పలకమాక. ఉప్పు తెమ్మంటే తేలేదు, కప్పు నేయమంటే నేయలేదు, రోడ్డు వారగా పని చేసుకోమంటే వినలేదు. ఈ ఒక్కటన్నా విను. నా కోసం కాదు, పిల్ల కోసం. ఇనపడిందా?"

దొడ్లో చప్పుడు లేదు. ఉక్రోషంతో ఆమె చెంబు విసిరికొట్టి బస్సుకి బయల్దేరింది.

కోర్టు వరండాలో బంట్రోతు మొదటిసారి పిలిచాడు. అందరూ చెవులు రిక్కించారు. ఎవరూ పలకలేదు. రెండోసారి పిలిచాడు. లారీ ప్లీడరు లేవబోయి ఆగాడు. బేబి తల్లి చెయ్యి గట్టిగా పట్టుకుంది. మూడోసారీ పిలిచాడు. ఇన్నాళ్లూ పలుకుతాడేమోనని భయపడ్డ కృపావతికి, ఇప్పుడు పలకలేదేమని భయం పట్టుకుంది.

జడ్జీగారు కలం తీసి పలకలేదని రాసుకున్నారు. ఆపైన సాక్ష్యం పావుగంట, తీర్పు ఐదు నిమిషాలు. బేబి చదువుకి సరిపోను డబ్బు నెల తిరక్కుండా కట్టమని లారీవాళ్లకి చెప్పారు. వెంకటరత్నం కండువాతో మొహం తుడుచుకున్నాడు.

"ఇంకేమైనా చెప్పుకోవాలామ్మా?" అన్నారు జడ్జీగారు.

"ఇంకొక్కసారి పిలిపించండయ్యా," అంది కృపావతి.

"నీకేమన్నా పిచ్చా?" అని వెంకటరత్నం పళ్లు కొరికాడు. "ఇప్పుడు పలికితే అంతా మళ్లీ మొదటికొస్తుంది!"

జడ్జీగారు కలానికి మూత పెట్టేసి బంట్రోతుకేసి తలూపారు. బంట్రోతు వరండా చివరిదాకా నడిచాడు. ఈసారి భార్య పేరు కలపలేదు. చేలో పని చేసుకుంటున్న మనిషిని గట్టు మీంచి పిలిచినట్టు పిలిచాడు.

"ప్రేమదాసూ!"

ఎవరూ పలకలేదు. కృపావతి బేబి భుజం మీద తల పెట్టుకుని, అతను పోయాక మొదటిసారి, గొంతు విడిచి ఏడ్చింది. బంట్రోతు తర్వాతి కేసు పిలిచాడు. ఆ కేసువాళ్లు చెట్టు కింద నుంచి లేచి గబగబా వచ్చారు.