యాభై ఆకుల కట్ట, మూడు గంటల మాట

మూడు గంటల ముచ్చట ఎవరు వింటారే, పనీపాటా లేనివాళ్లా అని మా చెల్లెలు శ్రావణిని మొదట్లో ఎగతాళి చేసింది నేనే. దాని పాడ్‌కాస్ట్ అంతా అంతే. పేరున్న మనిషిని కూర్చోబెట్టి, మైకు పెట్టి, గంటల తరబడి తీరిగ్గా మాట్లాడిస్తుంది. ఒక్క ముక్క కత్తిరించదు. దగ్గులు కూడా ఉంటాయి.

ఎవరు వింటారో ఈ వేసవిలో తెలిసింది. పొద్దున అడవిలో కోసుకొచ్చిన, బీడీలు చుట్టే తునికాకును మధ్యాహ్నం పందిరి కింద కట్టలు కడతాం. కట్టకు యాభై ఆకులు. చేతులకు పని, చెవులకు తీరిక. మధ్యలో ఫోను పెట్టుకుంటే కబడ్డీ ఆటగాడూ, కలెక్టరమ్మా మాతోపాటే కూర్చుని ఆకు కడుతున్నట్టు ఉంటుంది. మా అందరిలో పెద్దదైన జంపక్కకు ఫోను వాడటం రాదు గానీ, ఆ కలెక్టరమ్మ చిన్నప్పుడు ఏ సబ్జెక్టు తప్పిందో చెప్పగలదు. మొదటి గంట ఎవరిదైనా పటాటోపమే, రెండో గంటలోనే మనిషి బయటికొస్తాడని ఆమె సిద్ధాంతం.

అందుకే మా ఎమ్మెల్యే గంగయ్య మైకు ముందు కూర్చోవడానికి ఒప్పుకున్నాడని శ్రావణి చెప్పగానే చేతిలో కట్ట పక్కన పెట్టేశాను. నాకు ఆరో నెల. ఆగస్టులో నెలలు నిండుతాయి. ఆగస్టులోనే మా గుంపుకూ, అంటే మా చిన్న గూడేనికీ, రోడ్డుకూ మధ్య వాగు పొంగుతుంది, అంబులెన్సు అవతలి ఒడ్డునే ఆగిపోతుంది. వంతెన మాట ఎత్తినప్పుడల్లా అటవీశాఖ అనుమతి రాలేదని చెప్పి గంగయ్య కారెక్కేవాడు. మూడు గంటలు ఎక్కడికీ పోకుండా కూర్చుంటే ఏమంటాడో వినాలి. ఆఫీసులో వద్దు, మా పందిరి కిందే పెట్టమని పట్టుబట్టింది నేనే.

వచ్చాడు. తెల్లచొక్కా, వెనకాల పీఏ కోటేష్. జంపక్క అతని ముందుకు ఆకు కుప్ప తోసింది. పందిరి కింద ఎవర్నీ ఊరికే కూర్చోనివ్వదు ఆమె. గంగయ్య నవ్వి, మా అమ్మ కూడా ఆకు కట్టిందేనంటూ మొదలుపెట్టాడు.

ఇక ఉపన్యాసమే ఉపన్యాసం. గంటన్నర. పథకాలు, శంకుస్థాపనలు, మళ్లీ పథకాలు. అతను కట్టిన కట్టలు చూస్తే నాకు నవ్వాగలేదు. జంపక్క ఒక్కోటి విప్పి, లెక్కపెట్టి, అతని ముందే పడేసింది. నలభై మూడు. యాభై ఆరు. నలభై ఎనిమిది.

"మాట్లాడితే లెక్క తప్పదు బిడ్డా," అంది. "అబద్ధం అల్లి చెప్తేనే తప్పుతది."

గంగయ్యకు రోషం వచ్చింది. ఆకు కట్టే ఇంట్లో పుట్టినవాడికి అంతకంటే తిట్టు ఏముంటుంది? చొక్కా చేతులు పైకి మడిచి బాసింపట్టు వేసుకున్నాడు. నోరు మూతపడింది, వేళ్లు కదిలాయి. చూస్తుండగానే వాటంతట అవే వేగం అందుకున్నాయి. శ్రావణి ఒక్క ప్రశ్నా వేయలేదు. మైకులో ఆకుల చప్పుడే. కాసేపటికి తల్లి గురించి చెప్పాడు, కట్టలో ఆకు తక్కువైతే చెవి మెలిపెట్టేదట. మొదటి ఎన్నికలో ఓడి వారం రోజులు గడప దాటకపోవడం చెప్పాడు. మేం చేతులాపేసి విన్నాం. కడిగేద్దామని కూర్చున్న నాకే అతను నచ్చడం మొదలైంది. నా మీద నాకే ఒళ్లు మండింది.

అందుకే అడిగేశాను. "అన్నా, మా వంతెనకు పర్మిషన్ ఎందుకు రాలే?"

అతని చేతులు ఆగలేదు. ముప్పై ఎనిమిది, ముప్పై తొమ్మిది అని పెదాలు కదులుతున్నాయి. యాభై అయ్యాక నార బిగించాడు.

"నేను అడుగనే లేదు చెల్లె," అన్నాడు. "మీ గుంపుల నూట పన్నెండు ఓట్లు. అవతలి రోడ్డు ఊర్లల్ల నాలుగు వేలు. అటవీశాఖకు రేపు రాస్త, ఎల్లుండి రాస్త అనుకుంటనే నాలుగేండ్లాయె."

నాకు ఏడుపూ కోపమూ, గెలిచినంత సంబరమూ ఒక్కసారే వచ్చాయి. నాలుగేళ్లలో అతను మాకు చెప్పిన మొదటి నిజం అది. జంపక్క ఆ కట్ట విప్పి లెక్కపెట్టింది. సరిగ్గా యాభై.

కోటేష్ పరుగున వచ్చి ఆ ముక్క తీసేయమని శ్రావణి మీద పడ్డాడు. మేం ఏదీ తీసేయం సార్ అంది శ్రావణి. మైకును ఒళ్లోకి లాక్కుంది. గంగయ్య చెయ్యి అడ్డం పెట్టి కోటేష్‌ను ఆపాడు.

"కొయ్యాలంటే మొదటి గంటన్నర కొయ్యుండ్రి. గిది ఉండనీ," అన్నాడు. కారులోంచి లెటర్‌హెడ్ తెప్పించి, అటవీశాఖకు అక్కడే ఉత్తరం రాశాడు. రాసింది మైకులో చదివాడు, తేదీతో సహా.

శ్రావణి ఆ గంటన్నర కూడా కొయ్యలేదు. ఆదివారం పెట్టింది. బుధవారానికల్లా పాల్వంచ షిఫ్టు బస్సుల్లో, కొత్తగూడెం క్వార్టర్లలో అదే ముచ్చట. మొదటి గంట ఓపిక పట్టు, తర్వాత అసలు మనిషి వస్తాడని ఒకరికొకరు చెప్పుకున్నారట. జంపక్క మాత్రం మురిసిపోయింది, తన సిద్ధాంతం జిల్లా అంతా పాకిందని.

జూన్ మొదటి వారంలో ఇంజనీర్లు జీపు దిగారు. ఆగస్టుకు వంతెన లేవదని నాకు తెలుసు. అప్పటికి భద్రాచలంలో మా పిన్ని ఇంటికి పోతాను. అయినా ఇంట్లో కూర్చోలేకపోయాను. బరువుగా నడుచుకుంటూ వాళ్ల వెంట వాగు ఇసుకలోకి దిగాను. వానాకాలం నీళ్లు ఎంత ఎత్తు వస్తాయమ్మా అని ఒకాయన టేపు పట్టుకుని అడిగాడు. నా కడుపు మీద చెయ్యి అడ్డంగా పెట్టి చూపించాను. ఆయన టేపు కిందికి దించాడు. పుస్తకం తీసి ఆ ఎత్తు రాసుకున్నాడు.