నాలుగు పంక్తులు కొట్టేసిన నీలి పెన్సిలు

నేను ఒక నీలి పెన్సిలుని. నా కడుపులో ఉన్నది మామూలు సీసం కాదు, మైనంలో కలిపి బిగించిన నీలం. రబ్బరుతో రుద్దితే అలుక్కుంటాను గాని పోను. పోర్చుగల్ దేశంలో ఉత్తరాన ఒక పెన్సిళ్ల కార్ఖానాలో పుట్టాను. నన్ను చెక్కలో కూర్చిన ఆడమనిషి చేతులు మోచేతుల దాకా నీలంగా ఉండేవి. ఆదివారం చర్చికి పోతే వాటిని శాలువాలో దాచుకునేదట. నీలం చేతులంటే దేవుడికి ఏం కోపమో నాకు తెలియదు.

బడిపిల్లల చేతికి పోతాననుకున్నాను. లిస్బన్ నగరంలో ఒక సర్కారు కచేరీకి పంపారు. అక్కడ నీలి పెన్సిలుకి ఉన్న పని ఒక్కటే. కొట్టేయడం.

ఆ దేశంలో అప్పటికి నలభై ఏళ్లుగా నియంతల రాజ్యం. పత్రిక అచ్చు కావాలన్నా, నాటకం ఆడాలన్నా, స్టేజీ మీద పాట పాడాలన్నా ముందు కాగితాలు ఆ కచేరీకి రావాలి. నీలం గీత పడిన మాట చచ్చినట్టు లెక్క. నా యజమాని కెప్టెన్ కింతేలా, రిటైరైన సైనికాధికారి. దుర్మార్గుడని మీరు అనుకుంటారేమో, అంత శ్రమ కూడా పడేవాడు కాదు. అజీర్తి మనిషి. సోంపు బిళ్లలు చప్పరిస్తూ చదివేవాడు. నచ్చకపోతే ఒక గీత, అర్థం కాకపోతే రెండు గీతలు.

నన్ను ఒక రేకు గొట్టంలో పెట్టి, మూత బిగించి, కోటు జేబులో వేసుకునేవాడు. బయటికి తీస్తే గీత, లేకపోతే చీకటి. గీత గీతకీ నేనూ అరిగాను. కొట్టేసేవాడి చేతిలో పనిముట్టు కూడా బాగుపడదు, రాసి పెట్టుకోండి. నేను ఒప్పుకోలేదని చెబితే మీరు నవ్వుతారు. ఒప్పుకున్నానని చెబితే అబద్ధం. నన్నెవరూ అడగలేదు.

ఇక ఇదలీనా సంగతి. ఆవిడ నటి. నవలలు రాస్తుంది. పాటలు కడుతుంది. కచేరీకి ఇదే తలనొప్పి. నటులకి ఒక గది, పుస్తకాలకి ఒక గది, పాటలకి ఒక గది. ఒక్క మనిషి మీద మూడు గదుల్లో మూడు ఫైళ్లు. ఒకేరోజు మూడు గదులవాళ్లూ పిలిచి, మూడుచోట్లా నీ పేరేమిటని అడిగేవారు. ఆవిడ మూడుచోట్లా ఓపిగ్గా ఒకే పేరు చెప్పేది. ఆవిడ నవలను పోలీసులు దుకాణాల్లోంచి ఎత్తుకొచ్చినప్పుడు ఆ ప్రతి మీద నాచేతే గీయించారు. నూట తొంభై పేజీల్లో నేను వదిలింది పేజీ నంబర్లు మాత్రమే.

తర్వాత పాట వచ్చింది. లిస్బన్ జనం ఎగబడి చూసే ఒకరకం ఆట ఉంది. పాటలు, హాస్యాలు, డాన్సులు కలగలిపి ఆడతారు. అలాంటి ఆటలో ఇదలీనా పాడాల్సిన పాట అది, రాసిందీ ఆవిడే. సముద్రపు ఒడ్డున సెటూబల్ ఊళ్లో ఆవిడ తల్లి సార్డీను అనే చిన్న చేపల్ని డబ్బాల్లో నింపే ఫ్యాక్టరీలో పనిచేసేది. పడవలు ఒడ్డుకు చేరగానే ఫ్యాక్టరీ సైరను మోగిస్తారు. ఏ వేళైనా సరే, ఆడవాళ్లు చేతిలో పని వదిలేసి పరుగెత్తాలి. చేప ఆగదు కదా. బిడ్డ ఆగొచ్చు. పాట మధ్యలో ఈ నాలుగు పంక్తులు:

అర్ధాకలి బిడ్డ నోట చన్ను లాగి పరుగెడితిని
వెనక బిడ్డ ఏడుస్తుంటే, ముందు సైరను కూస్తుంటే
డబ్బాలోని చేపకైనా నూనె పోస్తారు దొరా
డబ్బా మూసే చేతులకు ఉప్పునీళ్లే మిగిలెరా

కెప్టెన్ సోంపు బిళ్ల మింగేసి నాలుగింటి మీదా నన్ను లాగాడు. నా మొన విరిగింది. చెక్కి మళ్లీ లాగాడు.

ఇదలీనా కచేరీకి వచ్చింది. పొట్టి మనిషి, గొంతు మాత్రం గదిలో పట్టేది కాదు.

"కెప్టెన్ గారూ, మా అమ్మ వచ్చే ఆదివారం ఆట చూడ్డానికి వస్తోంది. అది ఆవిడ పాట. నడుం తీసేసి తల, కాళ్లు చూపించమంటారా?"

"దోన ఇదలీనా," అన్నాడాయన. దోన అంటే అక్కడ ఆడవాళ్లకి పెట్టే గౌరవం. కొట్టేసేటప్పుడు కూడా గౌరవం తగ్గేది కాదు. "చన్ను అన్నారు. అది అసభ్యం."

"మీరు తాగలేదా?"

"దొరా అన్నారు. అది రాజకీయం." ఆయన కాగితం వెనక్కి తోశాడు. "ఈ నాలుగింటిలో ఒక్క మాట స్టేజీ మీద వినబడిందంటే మీ నటుల కార్డు రద్దు. కార్డు లేకపోతే ఈ దేశంలో ఏ స్టేజీ ఎక్కలేరు. ఆలోచించుకోండి."

కాబట్టి లెక్క తేలిపోయింది. ఆ నాలుగు పంక్తులు పాడితే ఆవిడకి స్టేజీ ఉండదు. పాడకపోతే అది ఆవిడ పాట కాదు.

ఆట మొదలయ్యే ముందు కచేరీవాళ్లకి ఒక రిహార్సలు పూర్తిగా ఆడి చూపించాలని నియమం. ఖాళీ హాల్లో కెప్టెన్ కూర్చున్నాడు, నన్ను చేతిలో పట్టుకుని. ఆ నటుల ఆచారం ఆరోజే చూశాను. కచేరీవాళ్ల ముందు వాళ్లు శవాల్లా ఆడతారు. హాస్యం చెప్పేవాడు రైళ్ల టైములు చదివినట్టు చదువుతాడు. వెక్కిరింపు ఎక్కడుందో దొరకనివ్వరు. జనం వచ్చిన రోజున అవే మాటలకి కన్నుగీటుతారు, నవ్వులకి హాలు పగులుతుంది. ఇదలీనా పాట వచ్చింది. నాలుగు పంక్తులు లేవు. పైన ఒక ముక్క, కింద ఒక ముక్క, చప్పగా పాడి దిగిపోయింది. కెప్టెన్ కునుకు తీస్తున్నాడు. లేచి సంతకం పెట్టాడు.

ఆయనకి తెలియనిది ఒకటుంది. కచేరీకి పంపేది మాటలు టైపు చేసిన కాగితాలే. స్వరాల కాగితం ఎవరూ అడగరు, అడిగినా అక్కడ చదవగలిగినవాడు లేడు. వాద్యాలు నడిపే ఫిర్మినో ఆ నాలుగు పంక్తుల స్వరాన్ని అలాగే ఉంచేశాడు. రిహార్సలు రోజున మటుకు వదిలేసి వాయించాడు.

ఆదివారం మధ్యాహ్నం ఆట. హాలు నిండింది. అందరికన్నా పై అంతస్తులో, చవక బల్లల మీద, సెటూబల్ ఫ్యాక్టరీ ఆడవాళ్లు పడవలో నది దాటి వచ్చి కూర్చున్నారు. వాళ్ల మధ్యలో ఇదలీనా తల్లి. కెప్టెన్‌కి ప్రత్యేకంగా ఒక బాక్సు ఉంది, అంటే స్టేజీ పక్కన విడిగా కట్టిన చిన్న గది. నేను ఆయన వేళ్ల మధ్య ఉన్నాను. పాట మధ్యకి వచ్చింది. ఇదలీనా నోరు మూసుకుంది. వాద్యాలు ఆగలేదు. నాలుగు పంక్తుల స్వరం నడుస్తోంది, ఆవిడ చేతులు జారవిడిచి ఊరికే నిలబడింది. పైన ఎవరో "ఇక్కడ ఏదో కోసేశారే" అన్నారు. అంతే. హాలంతా గుసగుస. ఏం కోశారో ఎవరికీ తెలియదు గనక, ఎవరికి వాళ్లు తమ బాధ ఒకటి అందులో పెట్టుకున్నారు. తల్లి మాత్రం కొంగు లాంటి తన మెడగుడ్డతో మొహం కప్పుకుంది. ఆవిడకి తెలుసు.

మర్నాడు పైఅధికారి ఫోను. ఆ గొంతు నాకు జేబులోకి వినబడింది.

"కింతేలా, నువ్వు కోసినవి నాలుగు పంక్తులు. వాళ్లు ఊహించుకున్నవి వెయ్యి. ఆ ఖాళీ పూడ్చు."

"స్వరం కూడా కోయించనా సార్?"

"కోస్తే ఇంకా అడుగుతారు, అదేమైందని. పూడ్చు అన్నాను."

ఆ పని ఏ రచయితకీ అప్పగించకుండా కెప్టెన్ తనే తలుపు వేసుకుని కూర్చున్నాడు. ఒక నిజం చెప్పేస్తాను. కొట్టేసే ప్రతివాడి లోపలా రాయాలనే దురద ఒకటి ఉంటుంది. పడుచు వయసులో బ్యారక్‌లో ఆయన పద్యాలు రాసేవాడట, ఎవరూ వినలేదట. నన్ను తీశాడు. మొదటిసారి నాతో రాయించాడు. ఎంత ఆశపడ్డానో చెప్పలేను. గీత కాదు, అక్షరం. తీరా వచ్చింది ఇది:

ఓ సముద్రమా, నీలి సముద్రమా
నీ చేపలే మాకు ఆనందమా
శ్రమించు స్త్రీ నవ్వు చందమామ
సార్డీను మెరుపే సౌభాగ్యమా

ఇంతకన్నా గీతలే నయమనిపించింది.

కాగితం థియేటరుకి వెళ్లింది. ఈ పంక్తులే పాడాలి, అక్షరం మారకూడదు అని ఉత్తర్వు. ఫిర్మినో చదివి తల పట్టుకున్నాడని తర్వాత విన్నాను. ఇదలీనా పట్టుకోలేదు. "పాడదాం ఫిర్మినో. అక్షరం మారదు," అందట. "కానీ మన థియేటరు పద్ధతి ఒకటుంది కదా. కొత్త పంక్తులు కలిపితే రాసినవాడి పేరు చెప్పాలి."

రెండో ఆదివారం. పై అంతస్తులో మళ్లీ సెటూబల్ ఆడవాళ్లు, మధ్యలో ఇదలీనా తల్లి. కెప్టెన్ కొత్త టై కట్టుకుని బాక్సులో కూర్చున్నాడు. తన పద్యం వినడానికి వచ్చాడు పాపం. నేను ఆయన గుప్పిట్లో. ఇదలీనా ముందుకు వచ్చి వంగి దండం పెట్టింది.

"అయ్యలారా, అమ్మలారా. ఈ పాటలో మధ్య నాలుగు పంక్తులు నావి కావు. అంత గొప్పగా నేను రాయలేను. అవి కెప్టెన్ కింతేలా గారివి. అదిగో, ఆ బాక్సులో ఉన్నారు."

దీపం కూడా అటు తిప్పారు. తర్వాత పాడింది. నాలుగు పంక్తులకి వచ్చేసరికి, కచేరీవాళ్ల రిహార్సలులో ఆడినట్టే పాడింది. మొహంలో ఏమీ లేకుండా, ఉత్తర్వు చదివినట్టు. సార్డీను మెరుపు దగ్గర పై అంతస్తులో ఒకావిడ అరిచింది:

"కెప్టెన్, మా ఫ్యాక్టరీకి రా. చందమామకి ఎప్పుడు తీరికో సైరన్ని అడుగుదువుగాని."

ఇక ఎవరూ ఆగలేదు. బల్లలు కొట్టి నవ్వారు. ఫిర్మినో ఆ నాలుగు పంక్తుల స్వరాన్ని మళ్లీ ఎత్తాడు. ఈసారి ఇదలీనా నోరు తెరవలేదు. పైనుంచి తల్లి మొదలెట్టింది. అర్ధాకలి బిడ్డ నోట అని. తర్వాత పదిమంది, తర్వాత పై అంతస్తంతా. వారమంతా ఫ్యాక్టరీలో ఆవిడే వాళ్లకి నేర్పిందట. వాళ్లెవరికీ రద్దు చేయడానికి కార్డు లేదు.

కెప్టెన్ గుప్పిట బిగిసింది. నేను రెండు ముక్కలయ్యాను. మొనలేని ముక్క ఎటు పోయిందో తెలియదు. మొనవున్న నేను జారి బాక్సు నేల పలకల సందులో పడ్డాను.

ఇదలీనా కార్డు ఆ వారమే రద్దయింది. కెప్టెన్‌ని ఎక్కడో దీవికి బదిలీ చేశారు. ఇవన్నీ ఊడ్చేవాళ్ల మాటల్లో విన్నాను.

"ఆవిడ ఏమైందే?"

"ఏమవుద్ది, సెటూబల్‌లో అమ్మ పక్కన నిలబడి చేపల తలలు కోస్తోందట."

"రాస్తోందా?"

"నవల రాస్తోందట. ఇంటికి పోయాక కూడా వేళ్లకి నూనె వదలదంట, కాగితం నిండా మరకలేనంట."

ఏడేళ్లు. పైన బూట్లు, చీపుర్లు, దుమ్ము. కింద నేను. ఒక ఏప్రిల్‌లో పైన పరుగులు, కేకలు. సర్కారు పడిపోయిందన్నారు, కచేరీ మూసేశారన్నారు. ఆ ఏడే ఇదలీనా తిరిగి స్టేజీ ఎక్కింది. గొంతు బొంగురుపోయింది. ఆ పాట పాడింది, ఆ నాలుగు పంక్తులతో సహా. అంతకుముందు పైవాళ్లు పాడగా విన్నాను. రాసిన మనిషి నోట వినడం అదే మొదలు. నిజం చెప్పొద్దూ, అంత పెద్ద కవిత్వమేం కాదు. ఒక తల్లి, ఒక బిడ్డ, ఒక సైరను. దీనికా ఒక రాజ్యం పెన్సిళ్లు చెక్కించి కూర్చుంది?

ఈమధ్య బాక్సులు బాగుచేయిస్తారని మాట వినబడుతోంది. వడ్రంగులు పలకలు ఊడదీస్తారట. మీలో ఎవరికైనా వాళ్లు తెలిస్తే ఒక మాట చెప్పండి. నన్ను తీయొద్దు. ఇక్కడ ఊపిరాడదు, నిజమే. కానీ నాలో ఇంకా వేలెడు నీలం మిగిలే ఉంది. బయటికి తీస్తే ఎవడో ఒకడు చెక్కుతాడు.