పులుపు వెనక్కి, తీపి ముందుకి

నేను ఒక రాచ్చిప్పను. ఆ శుభవార్త ఇంట్లోకి వచ్చిన క్షణాన నా కడుపులో ఆనపకాయ పులుసు కుతకుతమంటోంది. ఆస్పత్రి నుంచి వచ్చిన కోడలు మంజరి చెప్పులు చెరో దిక్కుకి వదిలేసి వంటింట్లోకి పరుగెత్తుకొచ్చింది.

"అత్తయ్యా, నిజమేనట! డాక్టరమ్మ చెప్పేసింది!"

పేరిందేవి చేతిలో గరిటె నా అంచుకి ఠంగున తగిలింది. కోడలి బుగ్గలు పుణికి, డబ్బాలోంచి చారెడు పంచదార తీసి నోట్లో పోసింది. ఆ పిల్ల పంచదార చప్పరిస్తూనే ముక్కు ఎగబీల్చింది.

"అబ్బ, ఏం వాసన! ఒక్క చుక్క అరిచేతిలో వెయ్యండి."

"వద్దమ్మా. ఈ చిప్పలోది కోడళ్ళు తినకూడదు. మన ఇంటి ఆచారం. నీకు స్టీలు గిన్నెలో చారు పెడతాలే."

ఆచారం అంది. అసలు సంగతి చెప్పలేదు. పొరపాటంతా అక్కడే ఉంది.

నా సంగతి కాస్త చెప్పాలి. కొండలో మెత్తటి బూడిదరంగు రాయిగా పడి ఉండేదాన్ని. ఎవరో ఉలితో తొలిచి, గుండ్రంగా నునుపు తేల్చి, తీర్థం సంతలో గోనెపట్టా మీద పెట్టి అమ్మారు. కొన్నది పేరిందేవి అత్తగారు. నూనె రాసి, గంజి కాచి, నన్ను మచ్చిక చేసుకుంది. నా గుణం కనిపెట్టిందీ ఆవిడే. నాలో వండింది తింటే తిన్నవాళ్ళ ఒంట్లో కాలం కదులుతుంది. పులుపు వెనక్కి నడిపిస్తుంది, తీపి ముందుకి. ఎందుకని అడక్కండి, నాకూ తెలియదు. కొడుకు చెయ్యి విరిగితే ఆవిడ నాలో బెల్లం పరమాన్నం వండి పెట్టింది. నెలలు పట్టాల్సిన ఎముక పూట తిరక్కుండా అతుక్కుంది. నెలల జుట్టు కూడా ఆ పూటే పెరిగి భుజాల మీద పడితే పిల్లవాడు అద్దం ముందు నుంచి కదల్లేదు. అది తలుచుకుంటే నాకిప్పటికీ నవ్వొస్తుంది.

అయితే మనుషులకి ముందుకన్నా వెనక్కే మోజు. ఆ పిల్లవాడే పెద్దవాడై, పేరిందేవిని పెళ్ళాడి, డ్రిల్లు మాస్టారయ్యారు. రిటైరయ్యాక మోకాళ్ళ నొప్పులని అప్పుడప్పుడూ నాలో పులుసు పెట్టించుకోవడం మొదలుపెట్టారు. ఇప్పుడాయన జుట్టు నల్లగా నిగనిగలాడుతుంది. మొన్న బజార్లో కూరలవాడు పేరిందేవి తెల్లజుట్టు చూసి, "మీ అబ్బాయా అమ్మా?" అన్నాడట. మాస్టారు ఆ మాట ఇంటికొచ్చి పదేపదే చెప్పుకుని నవ్వారు. ఆవిడ సంచిలోంచి కూరలు తీసి సర్దుకుంది.

ఆవిడ నాలోది ఎందుకు తినదో నాకొక్కదానికే తెలుసు. కొత్తగా కాపురానికొచ్చినప్పుడు, మొదటిసారి నెల తప్పినప్పుడు, పులుపు మీద మనసై తలుపుచాటున కూర్చుని తింది. నాలుగు ముద్దలకి వేవిళ్ళు ఆగాయి. కంచం ఖాళీ అయ్యేసరికి కడుపే ఖాళీ అయింది. నొప్పి లేదు, నెత్తురు లేదు. అసలేమీ జరగనట్టే! అందరూ పిల్ల అబద్ధమాడిందన్నారు. ఆవిడ ఎవరికీ చెప్పకుండా ఏడ్చి, మర్నాటి నుంచి ఒక ఆచారం పుట్టించింది. కొడుకు శశిధర్ ఆ తర్వాతెప్పుడో పుట్టాడు.

ఇంత తెలిసిన రాయికి నోరెందుకు లేదో!

మధ్యాహ్నం పేరిందేవి శుభవార్త చెప్పడానికి పక్కింటికి వెళ్ళింది. మంజరి నా చుట్టూ పిల్లిలా తిరగడం చూసి మాస్టారు నవ్వారు.

"తినమ్మా తిను. కడుపుతో ఉన్న పిల్ల పులుపు అడిగితే కాదంటారా? మీ అత్తయ్యది వట్టి చాదస్తం."

నా గుణం ఆయనకి బాగా తెలుసు. కానీ తన మోకాళ్ళ సంగతి తప్ప ఇంకేమీ ఆయనకి తట్టలేదు. కొత్త కోడలికి ఆ ముచ్చట ఇంకా ఎవరూ చెప్పనే లేదు. వేడన్నంలో పులుసు పోసుకుని, కళ్ళు మూసుకుని, ఒక ముద్ద తింది. నేను వణికాను. రాయి వణుకు ఎవరికి కనిపిస్తుంది?

అప్పుడే పేరిందేవి గుమ్మంలో కాలు పెట్టింది.

"అత్తయ్యా, కోప్పడకండి! మీ పులుసు మందులా ఉంది. పొద్దుట్నించీ తిప్పుతున్న కడుపు ఒక్క ముద్దకి ఊరుకుంది!"

రెండో ముద్ద నోటిదాకా వెళ్ళింది. పేరిందేవి ఒక్క దెబ్బకి దాన్ని ఎగరగొట్టింది. మెతుకులు గోడకి అంటుకున్నాయి. ఆవిడ నేల మీద కూలబడి, ఇన్నేళ్ళు దాచుకున్నదంతా అప్పుడు చెప్పింది. మాస్టారి మొహంలో నవ్వు ఆరిపోయింది.

మంజరి ఎంగిలిచెయ్యి కడుక్కోనేలేదు. రెండో చెయ్యి పొట్ట మీదికి పోయింది.

"ఉందా అత్తయ్యా?"

"ఒక్క ముద్దేగా. ఉంటుంది. ఉండాలి."

"ఇప్పుడే ఏదైనా తీపి వండేద్దురూ!"

"ఈ రాయి పులుపు పీల్చుకుని ఉందే. ఇప్పుడు వండితే ఎటు లాగుతుందో తెలియదు. రాత్రంతా గంజి పోసి విడవనివ్వాలి."

సాయంత్రం ఆవిడ నన్ను బియ్యప్పిండితో తోమి తోమి, అంచుదాకా గంజి పోసింది. మాస్టారు పీటమీద కూర్చుని అన్నారు:

"నాకెందుకు చెప్పలేదే?"

"అబద్ధమాడానన్నవాళ్ళలో మీరూ ఉన్నారు."

పేరిందేవి కోడలి వైపు తిరిగింది.

"రేపు పొద్దున్నే ఇందులో బెల్లం పరమాన్నం వండుతాను. నువ్వు ఒక్క ముద్దే తినాలి, పోయినంత మళ్ళీ తెచ్చుకోవడానికి. నీ కడుపులో మళ్ళీ తిప్పిందా, బిడ్డ నిలిచినట్టే. ఆ వెంటనే ఈ చిప్పని చాకిరేవు బండ మీద నేనే పగలగొడతాను."

"మరి నా మోకాళ్ళు..." అనబోయి మాస్టారు ఆగిపోయారు. లేచి వెళ్ళి అటక మీంచి సుత్తి తెచ్చి నా పక్కన పెట్టారు.

నాకు సుత్తి దిగులు లేదు. ఉలి దెబ్బలతో పుట్టినదాన్ని. రేపు ఆ పిల్ల నోటికి చెయ్యడ్డం పెట్టుకుని పెరట్లోకి పరుగెత్తే చప్పుడు వినబడాలి. అంతవరకు నిలిస్తే నాకు చాలు.