పెంపుడు పురుగులు

పురుగు అన్నది మా ఆస్పత్రిలో బూతుమాట. నిరుడు మగవాళ్ళ వార్డులో ఒక ముసలాయన వీపు పుండులో ఈగ పురుగులు బయటపడ్డాయి. నాలుగు రోజులపాటు ఆయన్ని ఎవరూ పక్కకి తిప్పి పడుకోబెట్టలేదు. చూడ్డానికొచ్చిన మనవడు దాన్ని ఫోనులో తీశాడు. సాయంత్రానికల్లా మా ఊరి సరస్సు చుట్టూ ఉన్న ఊళ్ళన్నీ చూసేశాయి. డ్యూటీలో ఉన్న నర్సుకి ఉద్యోగం పోయింది. ఆ నర్సు నేను కాదు, అయినా చేపల సంతలో నన్నూ వదల్లేదు. "ఏం జెరూసా సిస్టరూ, ఇవాళ ఎవర్ని మేపారు పురుగులకి?" అని అడిగేవాళ్ళు. చెంప పగలగొట్టాలనిపించేది. ఆ తర్వాత కిటికీలకి దోమతెరలు బిగించారు, ప్రతి కిటికీ గట్టు మీదా బ్లీచు సీసా పెట్టారు. ఈగ కనబడితే చాలు, నేలంతా కడగాలని మేట్రన్ హుకుం. కడిగి కడిగి మా చేతులు పొట్టు లేచిపోయాయి.

అలాంటి ఆస్పత్రికి ముటిండా అనే ల్యాబు మనిషి నైరోబీ బస్సులో ఒక చిన్న సీసా పట్టుకొచ్చాడు. దాని నిండా పురుగులే, నూకగింజంత ఉన్నాయి. గుడ్లు మందుతో కడిగి, శుభ్రంగా పెంచినవట. కుళ్ళిన మాంసమే తింటాయట, బతికున్న దాన్ని ముట్టుకోవట.

"బయట ఈగలు పెట్టేవి వేరు, ఇవి వేరు సిస్టర్. వాటితో వీటిని కలపకండి, పాపం," అన్నాడు, సొంత పిల్లల్ని వెనకేసుకొచ్చినట్టు.

మేట్రన్ మాత్రం ఒక్కటే చెప్పింది. "వార్డులో ఎవరి నోటా ఆ పేరు వినబడకూడదు. కాయితాల మీద 'జీవ చికిత్స' అని రాయండి." నేను అలాగే రాశాను. ప్రతిదానికీ నోరు చేసుకునే దాన్ని, ఆ రోజు ఎందుకో నోరు మెదపలేదు.

ఆ సీసా వచ్చింది నెరియా కోసం. ఆవిడ ఒడ్డున ఒమేనా ఆరబెడుతుంది. వేలెడు కూడా ఉండని ఆ చేపల్ని వలల మీద పరిచి, తిరగేస్తూ, పొద్దు పొద్దంతా నిలబడే పని. ఒంట్లో చక్కెర జబ్బు. మడమలో గవ్వముక్క దిగితే తెలియనే లేదు. తెలిసేసరికి పాదం సగం నల్లబడి కుళ్ళు వాసన కొడుతోంది. సర్జన్ చూసి మోకాలి పైదాకా తీసెయ్యాలన్నాడు.

"కాలు లేనిదాన్ని ఒడ్డుకి ఎవడు రానిస్తాడు సిస్టర్? కూర్చుని ఆరబెడతానా?" అని నెరియా నన్నే అడిగింది. ఆవిడకి ఆసరా ఎవరూ లేరు. భర్త పోయాక మా ఆచారం ప్రకారం మరిదిని మొగుడిగా ఇంట్లోకి రానివ్వాలి. ఆవిడ తలుపేసుకుంది. పదకొండేళ్ళయినా అత్తింటివాళ్ళు ఆ తలుపు చప్పుడు మరిచిపోలేదు.

పురుగుల సంగతి చెబితే నవ్వింది. "చేపలమ్ముకునే దానికి పురుగుల్ని కొత్తగా చూపిస్తావా? చచ్చిన కండని ఎలా నున్నగా తినేస్తాయో నీకంటే నాకే ఎక్కువ తెలుసు. వేసెయ్. మా రిస్పాకి మాత్రం చెప్పకు."

"కన్నకూతురికి చెప్పకుండా ఎలా పెద్దమ్మా?"

"దాని నోట్లో నువ్వుగింజ నానదు. రేపటికి ఒడ్డంతా పాకుతుంది. 'మరిదిని కాదంది కదా, అందుకే శాపం తగిలి బతికుండగానే పురుగులు పట్టాయి' అంటారు. ఆ తర్వాత నా చేప కుక్క కూడా ముట్టదు."

సరేనన్నాను. ఆవిడ మీద జాలితోనే ఒప్పుకున్నానని చెప్పుకుంటే గొప్పగానే ఉంటుంది. కానీ ఆ ఫోను, సంతలో ఆ ఎగతాళి, పోయిన ఆ నర్సు ఉద్యోగం, ఇవన్నీ నా మనసులో ఉన్నాయి. చెప్పకుండా ఉండటం నాకూ హాయిగానే ఉంది.

పురుగుల్ని లెక్కపెట్టి పుండులో వేసి, పైన సన్నటి వలగుడ్డ పరిచి, చుట్టూ ప్లాస్టరు అంటించేదాన్ని. మూడు రోజులకి విప్పి, సెలైన్‌తో కడిగి, మళ్ళీ లెక్కపెట్టి తీసేదాన్ని. అప్పటికి అవి వేలి గోరంత బలిసి ఉండేవి. నెరియా వాటికి కోడళ్ళని పేరు పెట్టింది.

"ఏం చేస్తున్నారమ్మా నా కోడళ్ళు?"

"తింటున్నారు పెద్దమ్మా."

"ఎవరింట్లో కోడళ్ళైనా అంతే. వీళ్ళు నయం, తినడమే వీళ్ళ పని."

రెండు విడతలయ్యేసరికి నలుపు పోయింది. కింద ఎర్రగా, తడిగా, కొత్త కండ లేచింది. నాకు పట్టలేనంత సంతోషం వేసింది. సర్జన్ వంగి చూసి, "ఇంకొక్క విడత. కాలు నిలబడుతుంది," అన్నాడు. నెరియా మొహం దుప్పటిలో దాచుకుని ఏడ్చింది.

మూడో విడత వేసిన రెండో రోజు ఆదివారం. రిస్పా బస్టాండులో మందాజీలు, తీపి బోండాల్లాంటివి, వేయించి అమ్ముతుంది. ఆదివారం ప్రార్థన అయ్యాక చర్చి నుంచి నేరుగా అమ్మ దగ్గరికి వస్తుంది. ఎప్పుడూ ఆ వేళకి నేను మంచం పక్కనే ఉండి కట్టు మీద దుప్పటి సర్దేదాన్ని. ఆ రోజు ఆకలి తట్టుకోలేక వంటగదిలోకి వెళ్ళాను, మొక్కజొన్న ఉగాలీ రెండు ముద్దలు తినొద్దామని.

ప్లాస్టరు అంచు ఎక్కడో ఊడింది. ఒక పురుగు తప్పించుకుని దుప్పటి మీదికి పాకింది. నెరియా నిద్రపోతోంది. రిస్పా ఆ పురుగుని చూసింది, కట్టు లాగింది, కింద గుంపుగా కదులుతున్న వాటిని చూసింది. కిటికీ గట్టు మీద బ్లీచు సీసా ఉండనే ఉంది.

నెరియా పెట్టిన కేక వంటగది దాకా వినబడింది. పిండి అంటిన చేతుల్తోనే పరిగెత్తాను. సీసా ఖాళీ. ఆ కొత్త కండ అంతా ఉడికినట్టు తెల్లగా పాలిపోయింది. పురుగులన్నీ చచ్చి బిగుసుకుపోయాయి.

"పట్టుకున్నాను! మా అమ్మని తినేస్తుంటే పట్టుకున్నాను!" రిస్పా నా మీదికి వచ్చింది. "ఆ ముసలాయనకి చేసినట్టే చేశారు కదే! మీకు అమ్మలు లేరా?"

సెలైన్ సీసాలు ఒకదాని తర్వాత ఒకటి పుండు మీద పోస్తూ, "ఏం చేశావో తెలుసా నువ్వు..." అని అరిచాను. అంతలో నెరియా నా మణికట్టు పట్టుకుంది. నొప్పితో పళ్ళు కొరుక్కుంటూనే తల అడ్డంగా ఊపింది. నేను ఆగిపోయాను.

ఐదు రోజుల్లో పాదం మళ్ళీ నల్లబడింది. చీము పిక్క దాకా పాకింది, జ్వరం దిగలేదు. ఇక ఆగితే ప్రాణానికే ముప్పన్నాడు సర్జన్. "ఆ పిల్లకి నిజం చెప్పండి. ఇంకా ఎన్నాళ్ళు దాస్తారు?" అని నా మీద కేకలేశాడు.

ఆపరేషన్ రోజు పొద్దున్నే నెరియా దగ్గర కూర్చున్నాను. "ఇప్పుడైనా చెప్పనివ్వు పెద్దమ్మా. రిస్పా నన్ను ఊరంతా తిట్టిపోస్తోంది."

"తిట్టనీ. నీ తోలు మందం."

"మరి శాపమంటారని భయపడ్డావు కదా? ఇప్పుడు ఊరందరికీ తెలిసిందిగా. ఇంకా ఎందుకు దాచడం?"

"ఊరి కోసం కాదు." ఆవిడ దుప్పటి కాలి మీదికి లాక్కుంది. "నా కాలు తన చేతుల మీదుగా పోయిందని తెలిస్తే నా పిల్ల బతకదు సిస్టర్. నాకు ఇంకా ఉన్నది అదొక్కతే."

కాలు తీసేశారు.

ఇంటికి పంపే రోజు వరండా నిండా జనం. చక్రాల కుర్చీలో నెరియా, ఒడిలో బట్టల మూట. రిస్పా అందరూ వినేలా మొదలుపెట్టింది. "నేను చూడబట్టి ప్రాణమైనా దక్కింది. ముందే చూసుంటే కాలూ దక్కేది. జీతాలు తీసుకుని ఈగల్ని పెంచుతున్నారా మీరు? మాట్లాడవేం జెరూసా సిస్టరూ? నోట్లో ఏం పెట్టుకున్నావు?"

నాలుక చివరి దాకా వచ్చింది. పెంచినవే, మీ అమ్మ కాలు నిలబెడుతున్నవే, చంపింది నువ్వు అని. వరండాలో ఒక్కొక్కరి మొహం చూస్తూ చెప్పాలనిపించింది. నెరియా నావైపు చూసింది. ఈసారి తల ఊపలేదు, చెయ్యి పట్టుకోలేదు.

"నాదే తప్పు రిస్పా," అన్నాను.

అబద్ధం అనుకునే అన్నాను. నా చెవులతో విన్నాక అది నిజమని తెలిసింది. ఒక్క ఆదివారం ఆ సీసా రిస్పా చేతిలో పెట్టి, ఇవి మీ అమ్మ కోసం నైరోబీ నుంచి వచ్చాయి, చూడు అని ఉంటే, ఆ పిల్ల బ్లీచు సీసా ముట్టుకునేదే కాదు. నెరియా సిగ్గునీ నా భయాన్నీ ఒకే దుప్పటి కింద కప్పాను.

రిస్పా నా నుంచి పోట్లాట కోరుకుంది. అది దొరక్కపోయేసరికి ఏం చెయ్యాలో తోచక తల్లి వైపు తిరిగింది. గేటు దగ్గర టుక్‌టుక్ ఆగింది. కుర్చీ పక్కకి వంగి, బరువుకి సిద్ధపడి, రెండు చేతులూ వేసి తల్లిని ఎత్తింది. ఎత్తి అలాగే నిలబడిపోయింది.

"అమ్మా... ఇంత తేలికైపోయావేంటే?" అంటూ భోరున ఏడ్చింది.

నెరియా కూతురి వీపు నిమిరింది. "నువ్వే నన్ను బతికించావు తల్లీ," అంది, నావైపు చూడకుండా.